గోల్ కొట్టనివాడి ఉద్యోగం

ఫుట్‌బాల్ డిఫెండర్ లిలియన్ తురాం ఫ్రాన్స్ తరఫున 142 మ్యాచులు ఆడి కొట్టిన గోల్స్ రెండే రెండు. అవి కూడా ఒకే మ్యాచులో, 1998 ప్రపంచకప్ సెమీఫైనల్లో క్రొయేషియా మీద పడ్డాయి. ఫ్రాన్స్ 2-1తో గట్టెక్కి, ఆపైన కప్పూ ఎత్తుకుపోయింది. మిగతా 141 మ్యాచుల్లో ఆయన సంపాదనంతా ఎదుటివాడి గోల్ ఆపినందుకు వచ్చిందే.

కర్నూలులోనో కడపలోనో సాయంత్రం గ్రౌండుకు వచ్చే పిల్లల్ని ఏ పొజిషన్ కావాలని అడగండి, ఎక్కువమంది ‘ఫార్వర్డ్’ అంటారు. కాస్త పొడుగ్గా, మొండిగా ఉన్నవాణ్ణి పీఈటీ సార్ వెనక్కి పంపిస్తారు. వాడు ముఖం మాడ్చుకుంటాడు. ఉద్యోగం లెక్కన చూస్తే మాడ్చుకోవాల్సిన పనేమీ లేదు. రైల్వే క్రీడా కోటా నోటిఫికేషన్లు తెరిచి చూస్తే, ఫుట్‌బాల్ కింద చాలాసార్లు పొజిషన్ కూడా రాసి ఉంటుంది. డిఫెండర్ ఖాళీకి డిఫెండరే కావాలి, ఫార్వర్డ్ ఎంత పేరున్నవాడైనా అక్కడ పనికిరాడు.

తెలుగు నేల మీద ఈ దారి ఎంత దూరం పోతుందో తెలియాలంటే హైదరాబాద్ కుర్రాడు సయ్యద్ నయీముద్దీన్ కథ చూడాలి. 1944లో పుట్టారు. డిఫెండర్‌గా కోల్‌కతా వెళ్లి ఈస్ట్ బెంగాల్‌కూ, మోహన్ బగాన్‌కూ, మహమ్మదన్ స్పోర్టింగ్‌కూ ఆడారు. ఆ ఊళ్లో ఈ మూడు జట్ల అభిమానులూ ఒకరి ముఖం ఒకరు చూసుకోరు, ఆయన మాత్రం మూడు చోట్లా నిలబడ్డారు. 1970లో బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో కాంస్యం గెలిచిన భారత జట్టుకు కెప్టెన్ ఆయనే. ఆసియా క్రీడల ఫుట్‌బాల్లో మనకు ఆ తర్వాత మరో పతకం రాలేదు.

కెరీర్ కోసం చదివేవాళ్లకు అసలు విషయం ఆయన బూట్లు విప్పాక మొదలవుతుంది. 1990లో ఆయన కోచ్‌గా ఉండగా ఈస్ట్ బెంగాల్ ఒకే సీజన్‌లో ఐఎఫ్ఏ షీల్డ్, డ్యురాండ్, రోవర్స్ కప్పులు మూడూ గెలిచింది. అదే ఏడాది ద్రోణాచార్య వచ్చింది. ఆటగాడిగా అర్జున అవార్డు మాత్రం 1997 దాకా రాలేదు! భారత జట్టుకు కోచ్‌గా 1997లోనూ 2005లోనూ దక్షిణాసియా టైటిల్ తెచ్చారు, తర్వాత బంగ్లాదేశ్ జాతీయ జట్టుకూ శిక్షణ ఇచ్చారు. మైదానంలో ఆడింది పదేళ్లు, పదిహేనేళ్లు అనుకుంటే కోచ్‌గా అంతకు రెట్టింపు కాలం బతికారు. వెనక నిలబడేవాడికి ఆట మొత్తం కళ్లముందే జరుగుతుంది. ఎవరు ఎక్కడ జాగా వదిలారో మొదట పసిగట్టేది వాడే. డిఫెండర్లలోంచి కోచ్‌లు రావడంలో వింతేమీ లేదు.

ఇంకాస్త వెనక్కి వెళ్తే హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు కనిపిస్తుంది. 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచిన ఆ జట్టులో ఆటగాళ్లకు పోలీసు శాఖలోనే కొలువు. కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం వృత్తిరీత్యా టీచరు. పొద్దున బంతి, ఆపైన డ్యూటీ, నెల తిరిగేసరికి జీతం. ఈ కాలపు క్లబ్ ఒప్పందాల్లో డబ్బు ఎక్కువే, భరోసాయే తక్కువ. 2021-22లో ఐఎస్ఎల్ ట్రోఫీ గెలిచిన హైదరాబాద్ ఎఫ్‌సీ నుంచి రెండేళ్లు తిరగకముందే జీతాల బకాయిలతో ఆటగాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోయారు. ఒప్పందం దొరికినా డిగ్రీ వదలొద్దని ఇంట్లోవాళ్లు పోరేది ఇందుకే, ఆ పోరులో న్యాయం ఉంది.

సీమలో మొదటి మెట్టు కడప పుట్లంపల్లి దగ్గరి డాక్టర్ వైఎస్ఆర్ క్రీడా పాఠశాల. నాలుగో తరగతిలో ప్రవేశం, హాస్టల్ వసతి. పరుగు, షటిల్ రన్, నిలబడిన చోటినుంచి దూకడం, మెడిసిన్ బాల్ విసరడం లాంటి పరీక్షలు పెడతారు. పక్క జిల్లా అనంతపురంలో ఆర్డీటీ క్రీడా గ్రామం ఉంది. ఆ వయసు దాటినవాళ్లకు ఇంటర్, డిగ్రీ రోజులే అవకాశం: కర్నూలు రాయలసీమ విశ్వవిద్యాలయం, కడప యోగి వేమన విశ్వవిద్యాలయం జట్లలో చోటు దక్కితే అంతర్ విశ్వవిద్యాలయ పోటీలకు వెళ్లొచ్చు.

ఇక్కడే చాలామంది కాగితాల దగ్గర దెబ్బతింటారు. కేంద్ర ఉద్యోగాల్లో క్రీడా కోటాకు ఏ పోటీకి ఏ ఫారంలో సర్టిఫికెట్ ఉండాలో ఖాయంగా ఉంది: దేశం తరఫున ఆడితే ఫారం-1, సంతోష్ ట్రోఫీ లాంటి జాతీయ పోటీలో రాష్ట్రానికి ఆడితే ఫారం-2, విశ్వవిద్యాలయానికైతే ఫారం-3, జాతీయ పాఠశాల క్రీడలకైతే ఫారం-4. ఊరి టోర్నీలో ఇచ్చిన మెమెంటో గోడకు అందమే గాని కోటాకు అక్కరకు రాదు. టోర్నీ ముగిసిన వారంలోనే సంతకాలు చేయించుకోవాలి, అధికారి బదిలీ అయ్యాక తిరగడం నరకం. ఆంధ్రప్రదేశ్ కొత్త క్రీడా విధానంలో ప్రభుత్వ ఉద్యోగాల క్రీడా కోటాను 2 నుంచి 3 శాతానికి పెంచింది. వయసు తగ్గించి చూపమని ఎవరు చెప్పినా వినొద్దు. యూత్ పోటీల్లో మణికట్టు ఎక్స్‌రే తీసి ఎముకల వయసు చూస్తున్నారు.

నేల గురించి ఒక మాట. ఎండాకాలంలో నల్లరేగడి బీటలు వారుతుంది, గరుసు నేల మీద స్లైడింగ్ టాకిల్ వేస్తే తొడ చర్మం లేచిపోతుంది. కాబట్టి నిలబడే బంతి లాక్కోవడం, పాస్ వెళ్లే దారిని ముందే కనిపెట్టడం ఇక్కడివాళ్లు బాగా నేర్వాలి. పెద్ద స్థాయిలో సెలక్టర్లు చూసేదీ దాదాపు అదే. ప్రాక్టీసు తెల్లవారుజామునే ముగించాలి, ఏప్రిల్ ఎండతో పంతం పెట్టుకున్నవాడు మే నెలలో మంచం పడతాడు.

ఆట ఆపే రోజు మనం అనుకున్నప్పుడే రాదు. తురాం 2008లో మరో క్లబ్‌కు మారబోతూ వైద్య పరీక్షలకు వెళ్తే గుండెలో లోపం బయటపడింది. అంతటితో ఆయన ఆట ముగిసింది. అదే ఏడాది జాతి వివక్ష మీద పిల్లలకు పాఠాలు చెప్పే ఫౌండేషన్ పెట్టారు, పుస్తకాలూ రాశారు. మన కుర్రాళ్లకు అంత పేరూ పెట్టుబడీ ఉండవు గనక చదువు దారి ముందే వేసుకోవాలి. ఇంటర్ అయ్యాక డీపీఎడ్, డిగ్రీ అయ్యాక బీపీఎడ్, రెండూ రెండేళ్లవే, పీఈసెట్ రాసి చేరాలి. వాటితో డీఎస్సీలో వ్యాయామ ఉపాధ్యాయ పోస్టులకు పోటీపడొచ్చు. కోచింగ్ వైపు వెళ్లేవాళ్లకు అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య లైసెన్సులు మెట్లుమెట్లుగా ఉన్నాయి, డి లైసెన్స్ తర్వాత సి, బి, ఎ. పటియాలా ఎన్ఐఎస్ కోచింగ్ డిప్లొమా ఇంకో దారి. డి లైసెన్స్ కోసం రిటైరయ్యే దాకా ఆగక్కర్లేదు, ఇరవై రెండేళ్ల వయసులో జిల్లా జట్టుకు ఆడుతూనే చేసి, సెలవుల్లో స్కూలు పిల్లలకు నేర్పితే ఆ అనుభవం తర్వాతి లైసెన్స్‌కు పనికొస్తుంది.