మందుల చీటీ లెక్క – పిల్లలతో కలిసి నేర్చుకుందాం



పిల్లల లెక్కల పుస్తకంలో డబ్బు ఖర్చు గురించిన పద సమస్యలు ఉంటాయి. కూడికలు, తీసివేతలు బాగా వచ్చిన పిల్లలు కూడా వీటి దగ్గర తడబడతారు. ప్రశ్న ఏమి అడుగుతున్నదో తెలియకపోవడమే కారణం. మందుల షాపులో పెద్దలకూ ఇదే ఇబ్బంది. బోరబండ నుండి మాదాపూర్, హైటెక్ సిటీ వైపు పనికి వెళ్ళే తల్లులు చాలామంది చేతిలో ఉన్న డబ్బుకు సరిపడా మాత్రలే కొంటారు. అవి ఎన్ని రోజులకు వస్తాయో లెక్క చూసుకోరు. షుగరు, బి.పి. మాత్రలు మధ్యలో ఆగితే జబ్బు అదుపు తప్పుతుంది.

నాలుగు మెట్లు

1. లెక్కను రెండుసార్లు చదవాలి.
2. తెలిసినవి ఏవి, కనుక్కోవలసినది ఏది అని రాసుకోవాలి.
3. కూడాలా, తీసివేయాలా, గుణించాలా, భాగించాలా అని ఆలోచించాలి.
4. జవాబు సరిచూసుకోవాలి.

లెక్క 1: లక్ష్మి 40 రూపాయలకు పాలు కొన్నది. ఇంకా 60 రూపాయలు మిగిలాయి. మొదట ఆమె దగ్గర ఎంత ఉంది?

"మిగిలాయి" అనే మాట చూడగానే పిల్లలు తీసివేస్తారు. అది తప్పు. ఇక్కడ కూడాలి: 40 + 60 = 100 రూపాయలు. ఒక్క మాటను పట్టుకోకుండా జరిగిన సంగతి అర్థం చేసుకోవాలి.

లెక్క 2: డాక్టరు చీటీపై షుగరు మాత్ర 1-0-1, 30 రోజులు అని రాశారు. అంటే ఉదయం ఒకటి, రాత్రి ఒకటి. 10 మాత్రల షీటు 30 రూపాయలు అనుకుందాం. 200 రూపాయలు ఇస్తే తిరిగి ఎంత రావాలి?

మాత్రలు: 2 × 30 = 60
షీట్లు: 60 ÷ 10 = 6
ఖర్చు: 6 × 30 = 180 రూపాయలు
తిరిగి రావలసినది: 200 – 180 = 20 రూపాయలు
సరిచూడటం: 180 + 20 = 200

చేతిలో 100 రూపాయలే ఉంటే? 3 షీట్లు వస్తాయి, 10 రూపాయలు మిగులుతాయి. 30 మాత్రలు 15 రోజులకే సరిపోతాయి. మిగతా 3 షీట్లకు 90 రూపాయలు కావాలి, అంటే ఇంకా 80 తక్కువ. రోజుకు 6 రూపాయలు పక్కన పెడితే 15 రోజుల్లో 90 అవుతాయి. మందు ఆగదు.

లెక్క 3: ఇద్దరు పిల్లలకు రోజూ చెరొక 10 రూపాయల చిప్స్ ప్యాకెట్ కొంటే నెలకు ఎంత?

2 × 10 × 30 = 600 రూపాయలు. గుడ్డు 7 రూపాయలు అనుకుంటే, ఇద్దరికీ రోజుకొక గుడ్డుకు 2 × 7 × 30 = 420. మిగిలేది 180 రూపాయలు. పైన చెప్పిన నెల మాత్రల ఖర్చు అంతే.

గుర్తుంచుకోండి

• షీటుపై ముద్రించిన ధరలో పన్నులన్నీ కలిసి ఉంటాయి. అంతకంటే ఎక్కువ ఇవ్వవద్దు.
• డబ్బు చాలకపోతే మాత్ర మానవద్దు, సగం చేసి వేసుకోవద్దు. డాక్టరుకో నర్సుకో చెప్పండి.
• హైదరాబాదులో 2018లో మొదలైన బస్తీ దవాఖానాల్లో వైద్యం, మందులు ఉచితం. జన ఔషధి షాపుల్లో అదే మందు తక్కువ ధరకు దొరుకుతుంది.

ఇంట్లో చేయించండి: చీటీపై 1-1-1, 5 రోజులు. మాత్ర 2 రూపాయలు. 50 రూపాయలు ఇస్తే తిరిగి ఎంత రావాలి?

(జవాబు: 15 మాత్రలు, 30 రూపాయలు. తిరిగి 20 రూపాయలు.)