జయప్రకాశ్ రెడ్డి నోట మా సీమ మాట

హాస్టల్లో చేరిన మొదటి రోజు ఏ ఊరని అడిగితే నంద్యాల అన్నాను. అంతే, ఒకడు తొడ కొట్టి, "సుమోలో వచ్చినావా, బస్సులోనా?" అని గొంతు బొంగురు చేసి సాగదీశాడు. గదంతా నవ్వు. నేనూ నవ్వాను. రెండో వారం నుంచి "యాడికి" మానేసి "ఎక్కడికి" అనడం మొదలుపెట్టాను.

వాడు అనుకరించింది మా ఊరి వాళ్లను కాదు, జయప్రకాశ్ రెడ్డిని. ఈ సంగతి నాకు చాలా ఆలస్యంగా వెలిగింది.

ఆయనది మా పక్కనే ఉన్న సిరివెళ్ల. 1946లో పుట్టారు. గుంటూరులో లెక్కల మాస్టారు, నాటకాల మనిషి. 1988లో 'బ్రహ్మపుత్రుడు'తో సినిమాల్లోకి వచ్చినా పేరు రావడానికి 1997లో 'ప్రేమించుకుందాం రా' దాకా ఆగాల్సొచ్చింది. అప్పటికి యాభై దాటాయి. (మనం ఇరవై ఒకటికే ప్లేస్‌మెంట్ రాలేదని అన్నం మానేస్తున్నాం.) తర్వాత 'సమరసింహారెడ్డి', 'జయం మనదేరా'. ఇక ఫ్యాక్షన్ నాయకుడంటే ఆయనే.

ఆయన మాటను కాస్త జాగ్రత్తగా వినండి. చాలామంది నటులు సీమ యాస అంటే పుస్తకాల తెలుగుకి చివర "రా", "బ్బా" తగిలిస్తారు. ఈయన అట్ల కాదు. మా దగ్గర "చేస్తున్నాడు" అనం, "చేస్తాండాడు" అంటాం. "ఎందుకు" కాదు, "ఏంటికి". ఆ దీర్ఘాలు ఎక్కడ సాగాలో, వాక్యం ఎక్కడ తెగాలో ఆయనకు తెలుసు. బెదిరించేటప్పుడు కూడా అరవాల్సిన పని లేదు, మాట నిదానంగా పడితే చాలు. మా తాత ఎద్దులతో మాట్లాడినా అదే నిదానం, కాకపోతే ఆయన చేతిలో కత్తి ఉండేది కాదు.

చిక్కు ఇక్కడే ఉంది. సీమ మాటను తెర మీద అంత నిజంగా పలికినాయన చేతికి సినిమా కత్తినే ఇచ్చింది. మాట నిజం కాబట్టి కత్తి కూడా నిజమేనని జనం నమ్మారు. తప్పు నటుడిదా? నాకట్ల అనిపించదు. రాసేవాళ్లు ఆ యాసలో ఒక డాక్టర్నో, లెక్కల మాస్టార్నో రాసుంటే ఆయన చేయలేకపోయేవారా? నిజంగా మాస్టారే కదా!

తర్వాత 'రెడీ' లాంటి సినిమాల్లో అదే గొంతు నవ్వించింది. ఆయన జోకు వేసినట్టు మాట్లాడరు. విలన్‌గా ఎంత సీరియస్‌గా ఉండేవారో అంతే సీరియస్‌గా ఉంటారు, నవ్వు మనకొస్తుంది. నాకు ఆయన ఫ్యాక్షన్ వేషాల కంటే ఇవే ఇష్టం.

సినిమాలు ఇవ్వని చోటు నాటకం ఇచ్చింది. 'అలెగ్జాండర్' అని ఏకపాత్ర నాటకం, దాదాపు వంద నిమిషాలు స్టేజీ మీద ఆయన ఒక్కరే. అన్ని సినిమాలు చేశాక కూడా అంత కష్టానికి దిగడమంటే లోపల ఎంత ఆకలి ఉండాలి! అది ఎదురుగా కూర్చుని చూసే అవకాశం నాకు రాలేదు. 2020 సెప్టెంబర్ 8న గుంటూరులోనే గుండెపోటుతో పోయారు.

మొన్న మా రూమ్మేట్‌తో కూర్చుని 'ప్రేమించుకుందాం రా' మళ్లీ చూశాను. వాడిది భీమవరం. మధ్యలో ఆపి, "'పోతాండా' అంటే వెళ్తున్నాననా, వెళ్తావా అనా?" అని అడిగాడు. మొదటి రోజు తొడ కొట్టింది వీడే. "వెళ్తున్నానని" అని చెప్పి, మెస్‌కి టైమైతే లేచాను.

"యాడికి?" అన్నాడు వాడు. దీర్ఘం సరిగ్గానే పలికింది.