నొప్పి పోయిందన్నావు కదా

బాగాన్ దాతుక్



నిన్న ఫోనులో "ఇప్పుడు నొప్పేమీ లేదత్తా, బానే ఉన్నా" అన్నావు. ఆ మాటకే నాకు రాత్రి నిద్ర పట్టలేదు. వాట్సాప్‌లో పెడితే సగం చదివి బొటనవేలు బొమ్మ పెట్టి వదిలేస్తావు. అందుకని కాగితం మీద రాస్తున్నా.

నీకు ఇంట్లో ఎవరూ చెప్పని సంగతి ఒకటుంది. 1983లో మీ నాన్నకీ ఈ రొమ్ము నొప్పే వచ్చింది. వాడికప్పుడు పంతొమ్మిదేళ్ళు. నీలాగే పొడుగు, నీలాగే బక్కపలచన. మెట్ల మీద కూర్చుని చెప్పులు తొడుక్కుంటుంటే కుడివైపు రొమ్ములో కత్తి దిగినట్టయింది. మీ నానమ్మ "గాలి పట్టేసింది" అంది. పక్కింటి మలాయ్ ఆవిడ "మాసుక్ ఆంగిన్" అంది. భాష వేరైనా మాట ఒకటే. ఇద్దరూ కలిసి మిన్యాక్ ఆంగిన్ అనే నూనె రాసి వీపంతా రుద్దారు. నేను సెలవు మీద ఇంట్లోనే ఉన్నా. పదేళ్ళ సర్వీసున్న మిస్సీని, అంటే నర్సుని, నేనూ "గ్యాసులే" అన్నా. మర్నాటికి నొప్పి పోయింది. నాలుగో రోజు వాడు బంతాటకి వెళ్ళి మైదానం మధ్యలో కూలబడ్డాడు. ఎక్స్‌రే తీస్తే కుడి ఊపిరితిత్తి సగానికి పైగా ముడుచుకుని ఉంది. ఆ తప్పు నాది. నలభై ఏళ్ళు దాటినా ఇంకా గుచ్చుతూనే ఉంది.

మీ నానమ్మ అన్నదాంట్లో సగం నిజమే. గాలే, కాకపోతే ఉండకూడని చోట చేరింది. ఊపిరితిత్తి మీద ఒక పొర, పక్కటెముకల లోపలివైపు ఒక పొర, రెంటికీ మధ్య కాస్త తడి. తడి అరిటాకు బల్లకి అతుక్కున్నట్టు ఊపిరితిత్తి రొమ్ము గోడకి అతుక్కునే ఉంటుంది. ఆకు కొస కింద గాలి దూరిందా, అక్కణ్ణించి ఊడుతూ వస్తుంది. పొడుగ్గా సన్నగా ఉండే కుర్రాళ్ళకి ఊపిరితిత్తి పైకొనలో చిన్న నీటిబొబ్బల్లాంటి గాలిబొబ్బలు ఉండొచ్చు. వాటిలో ఒకటి పగిలితే గాలి ఆ పొరల మధ్యకి కారుతుంది, ఊపిరితిత్తి తన సాగుడు గుణం కొద్దీ తనే ముడుచుకుంటుంది. నీ ఆసుపత్రి కాగితం మీద న్యుమోథొరాక్స్ అని రాసింది దీన్నే. బరువెత్తితేనో పరిగెడితేనో వస్తుందని అందరూ అనుకుంటారు. ఎక్కువమందికి ఊరికే కూర్చున్నప్పుడే వస్తుంది.

నొప్పి సంగతి జాగ్రత్తగా విను. ఊపిరితిత్తికి నొప్పి తెలీదు. నొప్పి తెలిసేది రొమ్ము గోడవైపు పొరకి. అది ఒకటి రెండు రోజుల్లో అలవాటుపడి ఊరుకుంటుంది. లోపల గాలి మాత్రం అలాగే ఉంటుంది. అందుకే నీ మాటకి నాకు నిద్ర పట్టనిది.

ఆసుపత్రివాళ్ళు నీకు ట్యూబు వేయకుండా ఒక రాత్రి ఉంచి పంపేశారని మీ అమ్మ మండిపడుతోంది. ఈ ఒక్కదాంట్లో నేను డాక్టర్ల వైపే. మా కాలంలో ఎక్స్‌రేలో కాస్త పెద్దదిగా కనిపిస్తే చాలు, గొట్టం వేసేసేవాళ్ళు. ఇప్పుడు సైజు కన్నా మనిషి ఎలా ఉన్నాడో ముందు చూస్తున్నారు. 2020లో ఆస్ట్రేలియా, న్యూజీలాండ్ డాక్టర్లు 316 మంది మీద చేసిన పరిశోధన అచ్చయింది. వాళ్ళవేమీ చిన్నవి కావు, ఓ మాదిరివీ పెద్దవీను. సగం మందికి గొట్టం వేశారు, సగం మందిని కనిపెట్టుకుని ఉన్నారు. ఎనిమిది వారాలకి ఎక్స్‌రే తీయించుకున్నవాళ్ళలో గొట్టం వేయనివాళ్ళకీ నూటికి 94 మందికి ఊపిరితిత్తి పూర్తిగా విచ్చుకుంది. ఆ కనిపెట్టుకుని ఉన్నవాళ్ళలోనూ నూటికి పదిహేను మందికి మధ్యలో గొట్టమో మరో చికిత్సో అవసరమైంది. కనిపెట్టుకుని ఉండటమూ వైద్యమే, కాకపోతే ఎక్స్‌రే తేదీ తప్పకూడదు. చేరిన గాలిని ఒళ్ళు రోజుకి ఒకటి రెండు శాతం చొప్పున లాక్కుంటుంది. నీది చిన్నదే అన్నారు కాబట్టి రెండు వారాలు ఓపిక పట్టు.

మీ నాన్నకి గొట్టం తప్పలేదు. చంక కింద పక్కటెముకల సందులోంచి దించి, రెండో కొసని మంచం కింద గాజుసీసా నీళ్ళలో ముంచారు. దగ్గినప్పుడల్లా నీళ్ళలో బుడబుడమని బుడగలు. లోపలి గాలి బయటికి వస్తుంది, నీళ్ళు అడ్డం కాబట్టి బయటి గాలి లోపలికి పోలేదు. ఊపిరి పీలిస్తే గొట్టంలో నీళ్ళు పైకి పాకేవి, వదిలితే దిగేవి. సీసాని రొమ్ముకన్నా పైకి ఎత్తకూడదు, ఎత్తితే ఆ నీళ్ళే లోపలికి పోతాయి. ఆ భయంతో మీ నానమ్మ ఊడ్చేవాళ్ళని ఆ మంచం దగ్గరికే రానిచ్చేది కాదు. ఆరో రోజుకి బుడగలు ఆగాయి, గొట్టం తీశారు. మరుసటేడు మళ్ళీ వచ్చింది. ఈసారి రొమ్ము తెరిచి బొబ్బలు కోసేశారు. వాడి వీపు మీది ఆ పొడుగాటి గీత కొబ్బరిచెట్టు మీంచి పడ్డప్పటిదని నీకు చెప్పాడు చూడు, అదిదే. ఇప్పుడు కెమెరాతో చిన్న బెజ్జాలు పెట్టి చేస్తారు. మళ్ళీ ఊడకుండా రెండు పొరల్నీ అతికిస్తారు కూడా.

మొదటిసారి వచ్చినవాళ్ళలో సుమారు మూడోవంతు మందికి మళ్ళీ వస్తుంది, అదీ ఎక్కువగా మొదటి ఏడాదిలోనే. డాక్టరు అడిగినా అడక్కపోయినా మీ నాన్న సంగతి చెప్పు. కొన్ని కుటుంబాల్లో ఇది వరసగా వస్తుంది, దానికి వేరే పరీక్షలుంటాయి.

ఊపిరితిత్తి ముడుచుకోవటంలో ఇంకో రకం ఉంది. గాలిగొట్టానికి కఫం అడ్డుపడితే, దాని అవతల ఉన్న గాలిని రక్తం లాగేసుకుని ఆ ముక్క అణిగిపోతుంది. ఆపరేషన్ల తర్వాత మామూలే. తాతకి హెర్నియా అయినప్పుడు మూడు బంతుల ప్లాస్టిక్ డబ్బా ఇచ్చి పీల్చమన్నారే, నువ్వు ఆడుకుంటానని లాక్కున్నావు, అది ఇందుకే.

కావాలని ముడిచే రకం కూడా ఒకటుండేది. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో మా వార్డులో ఒక ముసలాయన ఉండేవాడు. ఒకవైపు పక్కటెముకలు లేవు, భుజం జారిపోయి ఉండేది. టీబీకి మందుల్లేని రోజుల్లో పుండుపడ్డ ఊపిరితిత్తికి విశ్రాంతి అని డాక్టర్లే దాన్ని కావాలని ముడిచేసేవాళ్ళు. ఇటలీలో ఫోర్లానినీ అనే ఆయన 1880లలో ఈ పద్ధతి మొదలుపెట్టాడు, సూదితో గాలి ఎక్కించటం. అది కుదరకపోతే ఎముకలు తీసేసేవాళ్ళు. మన మదనపల్లె దగ్గర ఆరోగ్యవరం శానిటోరియం 1915లో పెట్టింది ఆ కాలంలోనే. ఇప్పుడు మనం భయపడేది అప్పట్లో వైద్యం. ఇక్కడ మలేషియాలో టీబీ ఇంకా పోలేదు, అందుకే నీ కఫం పరీక్ష కూడా చేశారు. దానికి నొచ్చుకోకు.

ఇక సిగరెట్టు. తాగవని మీ అమ్మ నమ్ముతోంది, నేను నమ్మను. మామక్ హోటళ్ళలో 2019 నుంచి నిషేధమని మూడు మీటర్ల అవతల నిలబడి తాగుతారు మీరంతా. ఊపిరితిత్తి మాత్రం మూడు మీటర్ల అవతల లేదు. తాగే మగాళ్ళకి ఈ న్యుమోథొరాక్స్ తాగనివాళ్ళకన్నా ఇరవై రెండు రెట్లు ఎక్కువగా వస్తుందని స్వీడన్‌లో ఎప్పుడో లెక్క తేల్చారు. వేప్ వేరు అని నాతో వాదించకు.

పెర్హెంతియన్ దీవుల్లో డైవింగ్ కోర్సుకి కట్టిన డబ్బు తిరిగి అడుగు. నీళ్ళ కింద పది మీటర్ల లోతున పీల్చిన గాలి పైకొచ్చేసరికి రెండింతలవుతుంది. బొబ్బ ఉన్న ఊపిరితిత్తికి అది చావుబతుకుల మాట. ఆపరేషన్ లేకుండా జన్మలో డైవింగ్ వద్దనే అంటారు. తిరుపతి ప్రయాణం మాత్రం మానక్కర్లేదు. ఎక్స్‌రేలో పూర్తిగా విచ్చుకుందని చూశాక కనీసం ఏడు రోజులు ఆగి, డాక్టర్ని అడిగి విమానం ఎక్కు.

ఆయాసం పెరుగుతున్నా, గుండె దడదడలాడినా, చెమటలు పట్టి పెదాలు నల్లబడుతున్నా మోటారు సైకిలెక్కకు, నాకు ఫోను చెయ్యకు. 999 కొట్టు. కారిన గాలి బయటికి దారిలేక గుండెని పక్కకి నెట్టే రకం ఒకటుంది, దానికి నిమిషాల మీదే సూది గుచ్చాలి.

గురువారం ఎక్స్‌రేకి వెళ్ళినప్పుడు పాతది కూడా పట్టుకెళ్ళి రెండూ పక్కపక్కన పెట్టి చూడమను. సాయంత్రం నాకు రాయి. నొప్పుందో లేదో నాకక్కర్లేదు. ఊపిరితిత్తి అంచు గోడదాకా వచ్చిందా లేదా, అది రాయి.

అత్త