ఆపగలిగిన యుద్ధం

చిరంజీవి అమ్మలుకు,

రోమన్లకూ పర్షియన్లకూ 602లో మొదలై 628 దాకా సాగిన యుద్ధం గురించి చదివి, ‘ఇంతకీ ఎవరు గెలిచారో తేల్చి చెప్పు తాతయ్యా’ అని రాశావు. పరీక్షలో అడిగితే రోమన్లని రాయి, అది తప్పు కాదు. కానీ ఒకసారి అట్లాసు తీసి, యుద్ధానికి ముందున్న సరిహద్దునూ సంధి తర్వాతి సరిహద్దునూ పక్కపక్కన పెట్టి చూడు. దాదాపు ఒకటే గీత. ఇరవై ఆరేళ్ళు రెండు సామ్రాజ్యాలు తమకున్నదంతా ధారపోశాక, ఆ గీత బయల్దేరిన చోటికే వచ్చి ఆగింది.

ఏ కోట ఎప్పుడు పడింది, ఏ సేనాని ఎక్కడ ఓడాడు అని వరసగా బట్టీ పట్టడం మనకు అలవాటు చేశారు. క్లాసులో నేను పిల్లల చేత ఇంకో పని చేయించేవాణ్ణి. ఆ యుద్ధం ఎక్కడెక్కడ ఆగిపోగలిగేదో వెతకమనేవాణ్ణి. సంధి ఎవరు అడిగారు? ఎవరు కాదన్నారు? కాదన్ననాడు అతని చేతిలో ఏముంది? ఈ మూడు ప్రశ్నలకు ఈ యుద్ధం ఇచ్చినంత స్పష్టమైన జవాబులు మరే పాత యుద్ధమూ ఇవ్వదని నా నమ్మకం.

ముందు మనుషులను పరిచయం చేస్తాను. పడమట తూర్పు రోమన్ సామ్రాజ్యం. రాజధాని కాన్‌స్టాంటినోపుల్, అంటే ఇవాల్టి ఇస్తాంబుల్. పుస్తకాలు దాన్ని బైజాంటైన్ అంటాయి గాని వాళ్ళు తమను రోమన్లనే చెప్పుకున్నారు. తూర్పున ససానియన్ పర్షియా. దాని రాజధాని టెసిఫోన్, ఇప్పటి బాగ్దాద్‌కు దగ్గర్లో. ఈ రెండింటి మధ్య పోరు కొన్ని వందల ఏళ్ళుగా ఉన్నదే. అయితే ఈ కడపటి యుద్ధానికి ముందు పదేళ్ళు మంచి స్నేహం నడిచింది. బహ్రామ్ చోబిన్ అనే సేనాని తిరగబడితే, 590లో అప్పుడే గద్దెనెక్కిన రెండో ఖుస్రో ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని రోమన్ల పంచన చేరాడు. మారిస్ చక్రవర్తి సైన్యాన్నిచ్చి 591లో అతన్ని తిరిగి సింహాసనం మీద కూర్చోబెట్టాడు. కృతజ్ఞతగా ఖుస్రో ఆర్మీనియాలో పెద్ద భాగం వదులుకున్నాడు.

602లో మారిస్ ఖజానా ఖాళీగా ఉంది. ఖర్చు తగ్గుతుందని డాన్యూబ్ నది సైన్యాన్ని ఆ చలికాలం నదికి అవతల, శత్రువుల నేల మీదే గడపమన్నాడు. సైనికులు తిరగబడి ఫోకాస్ అనే మామూలు అధికారిని చక్రవర్తిని చేశారు. మారిస్ కళ్ళెదుటే అతని కొడుకులను చంపి, ఆ తర్వాత అతన్నీ చంపారు. నాకు మేలు చేసినవాణ్ణి చంపారు, పగ తీర్చుకుంటానని ఖుస్రో దండెత్తాడు. అందులో నిజమైన కోపమూ ఉండి ఉంటుంది. వదులుకున్న ఆర్మీనియాను తిరిగి లాక్కునే అవకాశమూ ఉంది.

యుద్ధం ఆగిపోగలిగిన మొదటి చోటు ఇక్కడ వస్తుంది. 610లో కార్తేజ్ నుంచి ఓడల మీద వచ్చిన హెరాక్లియస్ ఫోకాస్‌ను చంపి చక్రవర్తి అయ్యాడు. ఎవరి మీద పగతో ఖుస్రో బయల్దేరాడో వాడు పోయాడు. చెప్పుకున్న కారణం ఆ రోజుతో తీరిపోయింది. యుద్ధం మాత్రం ఆగలేదు, ఎందుకంటే అప్పటికి పర్షియా గెలుస్తోంది. గెలుస్తున్నవాడు మొదటి కారణాన్ని ఎంత సులువుగా మరిచిపోతాడో చూడు.

ఆ తర్వాత పర్షియన్ల జైత్రయాత్ర. 613లో డమాస్కస్, 614లో జెరూసలేం, ఆ పైన అలెగ్జాండ్రియాతో సహా ఈజిప్టు. షహర్‌బరాజ్, షాహిన్ అనే ఇద్దరు సేనానులు ఈ పని చేశారు. వీటిలో ఈజిప్టు దగ్గర నువ్వు కాస్త ఆగాలి. కాన్‌స్టాంటినోపుల్ తినే గోధుమ నైలు ఒడ్డున పండేది. అక్కడ నుంచి ఓడల్లో వచ్చే ధాన్యంతోనే రాజధాని పౌరులకు తరతరాలుగా ఉచితంగా రొట్టె పంచేవాళ్ళు. ఈజిప్టు చేజారుతున్న ఆ రోజుల్లోనే, 618లో, ఆ రొట్టె ఆగిపోయింది. అంతకు మూడేళ్ళ ముందే ప్రభుత్వోద్యోగుల జీతాలు సగానికి కోసి, వాటిని కొత్త వెండి నాణెంతో చెల్లించడం మొదలుపెట్టారు. ఆ నాణెం మీద ‘దేవుడా, రోమన్లను ఆదుకో’ అని లాటిన్‌లో ముద్రించారు. ఇంకొన్నాళ్ళకు చర్చిల్లోని వెండి బంగారు పాత్రలు కరిగించి నాణేలు పోశారు. దేశం ఏ స్థితిలో ఉందో తెలుసుకోవాలంటే నేను ముందు దాని నాణేలు చూస్తాను. రాజుల ప్రకటనల కంటే అవి నిజాయితీగా మాట్లాడతాయి.

జెరూసలేం సంగతి చదివేటప్పుడు జాగ్రత్త. క్రైస్తవులు పరమ పవిత్రంగా భావించే శిలువను పర్షియన్లు పట్టుకుపోయారు. ఊచకోత జరిగిన మాట నిజం. చనిపోయినవారు అరవై వేలకు పైగానని ఆనాటి ఒక సన్యాసి రచన చెబుతుంది, దాని ప్రతుల్లోనే ఆ అంకె మారుతుంటుంది. తవ్వకాల్లో నగరం బయట సామూహిక సమాధులు దొరికాయి. కానీ ఊరంతా తగలబడిందనడానికి రచనలు చెప్పినంత సాక్ష్యం నేలలో దొరకలేదు. దుఃఖంతో రాసినవాడు అబద్ధమాడినట్టు కాదు తల్లీ. అయినా అతని అంకెను నీ నోట్సులోకి ఎక్కించే ముందు మట్టి ఏం చెబుతోందో కూడా అడగాలి. పదేళ్ళకు హెరాక్లియస్ వంతు వచ్చింది. 624లో అతను ఇరాన్‌లో జొరాస్ట్రియన్ల మహా అగ్ని ఆలయాల్లో ఒకటైన ఆదుర్ గుష్నస్ప్‌ను ధ్వంసం చేశాడు. శిలువకు అగ్ని ఆలయం బదులుగా పోయింది. ఈ రెండు సంఘటనలనూ ఒకే పేజీలో రాసుకో, విడివిడిగా రాసుకోకు.

ఇక రెండో చోటు. నన్ను ఎక్కువగా కదిలించేది ఇదే. 615లో షాహిన్ సైన్యం కాన్‌స్టాంటినోపుల్‌కు ఎదురుగా, జలసంధి అవతలి ఒడ్డు దాకా వచ్చింది. రోమన్ సెనేట్ ఖుస్రోకు లేఖ రాసింది. తప్పంతా ఫోకాస్ మీద వేసి, హెరాక్లియస్‌ను నీ కొడుకుగా భావించమని వేడుకుంది. వందల ఏళ్ళ పాటు సమానుడిగా చూసిన రాజు ముందు రోమ్ అంత వంగడం అంతకు ముందు లేదు. ముగ్గురు పెద్దమనుషులు రాయబారులుగా ఆ లేఖ పట్టుకుని వెళ్ళారు. ఖుస్రో వాళ్ళను బంధించాడు. ముగ్గురూ తిరిగి రాలేదు. ఆనాడు ఔనని ఉంటే సిరియా, పాలస్తీనా అతనివే. ఏ ససానియన్ రాజూ చూడనంత రాజ్యం ఒక్క సంతకంతో దక్కేది. ఎదుటివాడు మోకాళ్ళ మీద ఉన్నప్పుడు చేసుకునే సంధే అన్నిటికంటే లాభమని గ్రహించే ఓపిక ఆయనకు లేకపోయింది. ఈ యుద్ధం మొత్తంలో ఇంతకు మించిన తప్పు ఇంకొకటి లేదని నా తీర్పు.

తర్వాతి కథ నీ పాఠంలో బాగానే ఉంది కాబట్టి తొందరగా దాటేస్తాను. 622లో హెరాక్లియస్ స్వయంగా సైన్యంతో బయల్దేరాడు. కోల్పోయిన ఊళ్ళ వెంట పడకుండా ఆర్మీనియా, కాకసస్ కొండల మీదుగా శత్రువు ఇంట్లోకే నడిచాడు. 626లో అవార్లనే సంచార తెగవాళ్ళు ఒకవైపు, పర్షియన్లు మరోవైపు రాజధానిని చుట్టుముడితే, రోమన్ నౌకలు జలసంధిని కాపాడి ఆ ఇద్దరినీ కలవనివ్వలేదు. 627 డిసెంబర్ 12న నినెవె దగ్గర, అంటే ఇప్పటి మోసుల్ పక్కన, పర్షియన్ సైన్యం ఓడింది. 628 జనవరిలో ఖుస్రో ప్రియమైన దస్తగిర్ద్ భవనం రోమన్ల చేతికి చిక్కింది.

అప్పుడు హెరాక్లియస్ ఖుస్రోకు రాశాడు, ఇకనైనా శాంతి చేసుకుందామని. అది మూడో చోటు. ఓడిపోయి పారిపోతున్న ఖుస్రో అప్పుడూ ఒప్పుకోలేదు. ఫిబ్రవరిలో సొంత మనుషులే అతన్ని దించి, కొడుకు షేరోను రెండో కవాద్ పేరుతో రాజును చేసి, తండ్రిని చంపారు. కవాద్ వెంటనే సంధి కోరాడు. హెరాక్లియస్ బదులిస్తూ అతన్ని కొడుకా అని సంబోధించాడు. పదమూడేళ్ళ కింద రోమ్ ఏ మాట కోసం వేడుకుందో ఆ మాటను గెలిచాక శత్రువు బిడ్డకు ఇచ్చాడు. పాత సరిహద్దు తప్ప పర్షియా నేల ఒక్క బెత్తెడు అడగలేదు. నాకు ఆయన మీద గౌరవం కలిగింది యుద్ధభూమిలో కాదు, ఈ సంధి దగ్గరే. 630 మార్చిలో శిలువను జెరూసలేంకు తిరిగి తీసుకొచ్చాడు.

మన పల్లెల్లో గట్టు తగాదాతో కోర్టుకెక్కిన అన్నదమ్ముల గురించి పెద్దలు చెప్పే మాట నీకు తెలుసు: ఓడినవాడు కోర్టులో ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని. రెండు దేశాలదీ అదే గతి. పర్షియాలో కవాద్ అన్నదమ్ములను చంపించాడు, ఆ ఏడే తానూ పోయాడు. షహర్‌బరాజ్ సింహాసనమెక్కి నలభై రోజులుండి చచ్చాడు. బోరాన్ అనే రాణి కొన్నాళ్ళు ఏలింది. 632లో ఖుస్రో మనవడు మూడో యజ్దగిర్ద్‌ను కూర్చోబెట్టే నాటికి దేశంలో ఎవరి మాట ఎవరూ వినే స్థితి లేదు.

ఇక్కడ నీ పాఠ్యపుస్తకంతో నాకు పేచీ ఉంది. ‘రెండూ అలసిపోయాయి, అందుకే అరబ్బులు గెలిచారు’ అని ఒక్క వాక్యంలో తేల్చేసింది. అలసట నిజమే. కానీ 634 తర్వాత ఎడారి దాటి వచ్చినవారికి సొంత బలం ఉంది. కొత్త మతం తెగలను ఒక్కటి చేసింది. ఖాలిద్ ఇబ్న్ అల్ వలీద్ లాంటి సేనానులున్నారు. అంతకంటే ముఖ్యంగా, ఎడారి సరిహద్దును రెండు సామ్రాజ్యాల తరఫున కాపాడుతూ వచ్చింది అరబ్బు తెగలే. పర్షియా వైపు హీరా నగరాన్ని ఏలిన లఖ్మిద్ వంశాన్ని ఖుస్రో తన చేతులతోనే అంతం చేశాడు, వాళ్ళ రాజు నుమాన్‌ను చంపించి. కావలివాణ్ణి తానే తీసేశాడు. ఆ అరబ్బులు ఈ యుద్ధాన్ని ఎంత శ్రద్ధగా గమనించారంటే, ఖురాన్‌లో 30వ అధ్యాయం పేరే ‘అర్ రూమ్’, రోమన్లు అని అర్థం. 636లో యార్ముక్ నది ఒడ్డున హెరాక్లియస్ సైన్యం ఓడింది. తాను తిరిగి గెలిచిన సిరియాను ఆయన బతికుండగానే పోగొట్టుకుని 641లో కన్నుమూశాడు. పర్షియా 642లో నహావంద్ దగ్గర కూలింది. యజ్దగిర్ద్ 651లో మెర్వ్ దగ్గర హత్యకు గురయ్యాడు.

ఆ కాలాన్ని మన నేలతో ముడివేసి గుర్తుపెట్టుకోవాలంటే, కుబ్జవిష్ణువర్ధనుడు వేంగిలో తూర్పు చాళుక్య రాజ్యం నిలబెట్టింది ఆ రోజుల్లోనే, సుమారు 624లో. ఇంకో ముడి కూడా ఉంది. పర్షియా పడ్డాక కాలక్రమంలో కొందరు జొరాస్ట్రియన్లు గుజరాత్ తీరానికి వచ్చి పార్సీలయ్యారు. సికింద్రాబాద్‌లో వాళ్ళ అగ్ని ఆలయం, అగ్యారీ ముందు నుంచి నువ్వు ఎన్నోసార్లు బస్సులో వెళ్ళే ఉంటావు. వాళ్ళ పంచాంగం ఇవాల్టికీ సంవత్సరాలను లెక్కపెట్టేది యజ్దగిర్ద్ పట్టాభిషేకం జరిగిన 632 నుంచి.

తర్వాత ఏం చదవాలని కూడా అడిగావు కదా. సెబియోస్ పేరుతో దొరికే ఆర్మీనియన్ చరిత్రతో మొదలుపెట్టు. రెండు సామ్రాజ్యాల కాళ్ళ కింద నలిగిన దేశం వాడు రాసింది అది, అందుకే ఇద్దరినీ సూటిగా చూస్తుంది. ఆ పైన రోమన్ల వైపు థియోఫనీస్, ముస్లింల వైపు తబరీ. ముగ్గురూ ఒకే సంఘటనను ఎలా చెప్పారో మూడు వరుసల్లో రాసుకో. పర్షియన్ల గొంతు కోసం ఫిరదౌసి షానామా అనువాదం సంపాదించు. అది యజ్దగిర్ద్ పతనంతోనే ముగుస్తుంది. ఆ కవి బతుకు మీద జాషువా గారు రాసిన ‘ఫిరదౌసి’ మన బీరువాలో పై అరలో ఉంది, సెలవులకు వచ్చినప్పుడు తీసుకువెళ్ళు. ఈలోగా 610, 615, 628 ఈ మూడు చోట్లలో ఖుస్రో స్థానంలో నువ్వుంటే ఏం చేసేదానివో, ఎందుకో రాసి పంపు. నా తీర్పు తప్పనిపిస్తే మొహమాటపడకుండా వాదించు.

ఆశీస్సులతో,
తాతయ్య