తీరం చేరిన జలాంతర్గామి

విశాఖపట్నం అనగానే ఓడరేవు, ఉక్కు కర్మాగారం, సముద్రంలోకి చొచ్చుకొని వచ్చిన డాల్ఫిన్స్ నోస్ కొండ జ్ఞప్తికి వస్తాయి. తూర్పు నావికాదళానికి ప్రధాన కేంద్రం కూడా ఈ నగరమే. ఇక్కడి రామకృష్ణ బీచ్‌లో, ఇసుక మీద నిలిచి సందర్శకులను ఆకర్షించే నల్లని నౌక ఒకటి ఉన్నది. దాని పేరు ఐ.ఎన్.ఎస్. కురుసుర. నీటిలో ఎవరికీ కనబడకుండా సంచరించడమే ధర్మంగా గల ఈ జలాంతర్గామి, నేడు అందరికీ కనబడుతూ పాఠం చెబుతున్నది.

స్వాతంత్ర్యం వచ్చిన తరువాత ఇరవై సంవత్సరాల వరకు భారతదేశానికి జలాంతర్గాములు లేవు. 1967 డిసెంబరు 8న సోవియట్ యూనియన్‌లోని రీగా రేవులో 'కల్వరి' మన నావికాదళంలో చేరింది. అదే తరగతికి చెందిన కురుసుర 1969 డిసెంబరు 18న ప్రవేశించింది. మొదటి నాలుగు జలాంతర్గాములలో ఇది నాలుగవది.

కురుసుర పొడవు సుమారు 91 మీటర్లు. దీని పార్శ్వాలలో పెద్ద తొట్లు ఉంటాయి. వాటిలోకి సముద్రజలాన్ని రానిస్తే నౌక బరువెక్కి మునుగుతుంది. అధిక పీడనంతో నిల్వ చేసిన గాలిని వదలి ఆ నీటిని వెలికి నెట్టితే తిరిగి పైకి తేలుతుంది. నీటిపై ఉన్నప్పుడు డీజిల్ ఇంజన్లు పనిచేసి బ్యాటరీలలో విద్యుత్తును నింపుతాయి. నీటి అడుగున డీజిల్ ఇంజన్‌కు కావలసిన గాలి లభించదు. కనుక అక్కడ బ్యాటరీలతో నడిచే విద్యుత్ మోటార్లే ఆధారం. ముందు భాగంలో ఆరు, వెనుక భాగంలో నాలుగు టార్పెడో గొట్టాలు ఉన్నాయి.

లోతుకు పోయిన కొద్దీ నీటి ఒత్తిడి పెరుగుతుంది. 200 మీటర్ల లోతున అది ఉపరితలంపై ఉన్న ఒత్తిడికి దాదాపు ఇరవై రెట్లు. దానికి తట్టుకొనే ఉక్కు కవచం లోపల, ఏడు గదులలో, సుమారు 75 మంది జీవించేవారు. యంత్రాల వేడిమి, డీజిల్ వాసన, ఇరుకైన పడకలు, కొలిచి వాడుకొనే మంచినీరు వారి నిత్యజీవితం. ఒకరి పొరపాటు అందరికీ ప్రాణాంతకం. అందుచేత ప్రతి నావికుడూ తన పనినే గాక తోటివారి పనిని కూడా తెలిసికొని ఉండేవాడు.

1971లో పాకిస్తాన్‌తో యుద్ధం సమీపించిన రోజులలో కురుసుర అరేబియా సముద్రంలో గస్తీ తిరిగింది. నిర్ణయించిన హద్దులను దాటరాదనీ, ప్రత్యేకమైన ఆజ్ఞ లేనిదే వాణిజ్య నౌకలను ముంచరాదనీ దానికి ఆదేశాలు ఉండేవి. ఆయుధాలు చేతిలో ఉండి కూడా ఆజ్ఞకు లోబడి నిరీక్షించడం సులభమైన పని కాదు. కురుసుర ఏ శత్రునౌకనూ ముంచలేదు. అయినా అది అప్పగించిన కర్తవ్యాన్ని నెరవేర్చింది.

అదే కాలంలో మరొక జలాంతర్గామి విశాఖ వైపు వచ్చింది. అమెరికాలో 'డయాబ్లో' పేరుతో నిర్మింపబడి పాకిస్తాన్‌కు చేరిన ఆ నౌక పేరు 'ఘాజీ'. మన విమానవాహక నౌక 'విక్రాంత్'ను వెదకుతూ అది 1971 నవంబరు 14న కరాచీ నుండి బయలుదేరింది. కాని విక్రాంత్ అప్పటికే అండమాన్ దీవుల వైపు తరలింది. డిసెంబరు 3వ తేదీ అర్ధరాత్రి వేళ విశాఖ తీరానికి చేరువలో ఘాజీ మునిగిపోయింది. ఐ.ఎన్.ఎస్. రాజ్‌పుత్ జారవిడిచిన డెప్త్ చార్జీలే కారణమని భారత నావికాదళం చెప్పగా, సొంత మందుపాతర పేలడం వలన ఆ ప్రమాదం జరిగిందని పాకిస్తాన్ చెప్పింది. కారణం ఏదైనా, అందులోని 93 మందీ తిరిగి ఇల్లు చేరలేదు. వారు శత్రుదేశపు సైనికులే కావచ్చు. వారి కోసం ఎదురుచూసిన తల్లుల దుఃఖానికి మాత్రం సరిహద్దులు లేవు.

31 సంవత్సరాల సేవ అనంతరం 2001 ఫిబ్రవరి 27న కురుసుర విరమణ పొందింది. అప్పటికి అది ప్రయాణించిన దూరం 73,500 నాటికల్ మైళ్లు. తరువాత దానిని ఒడ్డుకు లాగి, కాంక్రీటు పునాదిపై నిలిపి, 2002 ఆగస్టులో ప్రదర్శనశాలగా ప్రారంభించారు. విశ్రాంత నావికులు సందర్శకులకు అందులోని యంత్రాలను వివరించేవారు.

తలవంచి ఆ ఇరుకు ద్వారాలను దాటే విద్యార్థికి ఒక సత్యం బోధపడుతుంది. యుద్ధమంటే విజయధ్వానాలు మాత్రమే కాదు. కీర్తిని ఆశించక చీకటిలో మెలకువగా ఉండడం కూడా దేశసేవయే. ఒకే తీరంలో ఒక నౌక ఒడ్డుకు చేరింది, మరొకటి సముద్రగర్భంలో నిలిచిపోయింది. ఆ రెండింటినీ కలిపి స్మరించినప్పుడే శాంతి విలువ పూర్తిగా తెలుస్తుంది.

అర్థాలు
గస్తీ = కావలి తిరగడం
పార్శ్వం = పక్క భాగం
నిరీక్షించు = ఎదురుచూచు

ప్రశ్నలు
1. జలాంతర్గామి మునిగి తేలే విధానాన్ని వివరించండి.
2. శత్రునౌకను ముంచకపోయినా కురుసుర కర్తవ్యాన్ని నెరవేర్చిందని ఎట్లా చెప్పగలం?