శూన్యవాదము – నేటి భౌతికశాస్త్రము

"క్వాంటం సిద్ధాంతాన్ని మన నాగార్జునుడు ఏనాడో చెప్పేశాడు" అనే మాట తరచు వింటుంటాను. ఇది ఎంతవరకు నిజం?

ఏ వస్తువుకూ స్వతస్సిద్ధమైన స్వభావం లేదనీ, ప్రతిదీ ఇతర కారణాలపై ఆధారపడే పుడుతుందనీ సుమారు 2వ శతాబ్దిలో ఆచార్యుడు వాదించాడు. మన గుణదల మీదుగా పారే ఏలూరు కాలువనే తీసుకోండి. కృష్ణ నీరు, బ్యారేజీ, గట్లు, పల్లం – ఇవన్నీ తీసేస్తే 'కాలువ' అంటూ విడిగా మిగిలేదేమిటి? శూన్యత అంటే ఇదే. ఏమీ లేకపోవడం కాదు.

కణాల గుణాలు పరస్పర సంబంధాల్లోనే వ్యక్తమవుతాయని 1996లో ఇటలీ శాస్త్రవేత్త కార్లో రోవెల్లి ప్రతిపాదించాడు. 2020 నాటి తన 'హెల్గోలాండ్' గ్రంథంలో నాగార్జునుణ్ణి స్మరించాడు కూడా.

పోలిక ఉన్నమాట నిజమే. కాని ఆచార్యుని సాధనం తర్కం, గమ్యం దుఃఖవిముక్తి. విజ్ఞానశాస్త్రానికి కొలత కావాలి, ప్రయోగం కావాలి. తాతలు తాగిన నేతుల వాసన మన మూతులకు రాదు. పరీక్షించకుండా దేన్నీ నమ్మవద్దని కాలాములకు బోధించిన బుద్ధునికి విద్యార్థులుగా మనమివ్వగల గౌరవం లేబొరేటరీలోనే ఉందని నా అభిప్రాయం.