శిథిలముల నడుమ ఒక ప్రార్థన

పఠన భాగములు: ఆదికాండము 41:50-52, 50:15-21, 2 కొరింథీయులకు 5:17-20

యోసేపు తన జ్యేష్ఠకుమారునికి మనష్షే అని పేరు పెట్టెను. ఆ పేరు మరచుట అను అర్థముగల హెబ్రీ ధాతువునకు సంబంధించినది. తాను పడిన శ్రమను, పుట్టినింటిని కూడ దేవుడు తనకు మరపించెనని అతడు దానికి కారణము చెప్పెను. అయితే చదువరులారా, నిజముగా మరచినవాడు కన్నబిడ్డకు మరపు అని పేరు పెట్టునా? ఆ బాలుని భోజనమునకు పిలిచిన ప్రతిసారియు ఎండిన గుంటయు, తన వెల బేరమాడిన అన్నలును యోసేపునకు జ్ఞప్తికి రాక మానరు. ఇచ్చట మరపు అనగా జరిగిన సంగతి చెరిగిపోవుట కాదు, ఆ సంగతి ఇకమీదట మనలను ఏలకుండుట.

యుద్ధము ముగిసిన తరువాత జనులకు రెండు విధములైన ఆలోచనలు చెప్పబడుచుండును. జరిగినదేదో జరిగినది, మరచిపొండని కొందరందురు. తమ యిల్లు కాలనివారే సాధారణముగా ఈ మాట చెప్పుదురు. మరికొందరు గాయమును మాననీయక, పగను ఆస్తివలె పిల్లలకు పంచియిత్తురు. ఈ రెంటికిని లోబడని సంఘమొకటి ఇంగ్లాండులోని కోవెంట్రి పట్టణములో కనబడుచున్నది.

1940 నవంబరు 14వ తేది రాత్రి జర్మను విమానములు ఆ పట్టణముపై బాంబులు కురిపించెను. 500 మందికి పైగా మరణించిరి. మధ్యయుగములనాటి పరిశుద్ధ మిఖాయేలు కథీడ్రలు కాలిపోగా వెలుపలి గోడలును గోపురమును మిగిలెను. పడిపోయిన దూలములలో రెండు సిలువ ఆకారముగా నుండుట చూచి ఒక తాపీపనివాడు వాటిని కట్టి నిలిపెను. పైకప్పునుండి రాలిన పాతకాలపు మేకులు మూటితో మరియొక సిలువ చేయబడెను. ఆ క్రిస్మసు దినముననే ఆలయ ప్రధానగురువు రిచర్డ్ హోవర్డ్ శిథిలములలోనుండి రేడియో ద్వారా మాటలాడుచు, ప్రతీకార చింతను విడువవలెనని చెప్పెను. యుద్ధమింకను ముగియలేదు, బాంబులు ఇంకను పడుచుండెను. ఆ సంగతి మరువరాదు.

1948లో కాలిన బలిపీఠము వెనుకనున్న గోడపై ఆయన రెండు మాటలు చెక్కించెను: తండ్రీ, క్షమించుము. ఇది లూకా 23:34లోని ప్రభువు ప్రార్థనయే గాని, క్షమింపబడవలసిన వారెవరో చెప్పు పదము అందులో లేదు. ఆంగ్లము చదువువాడు ఆ లోటునొద్ద తడబడి నిలిచిపోవును. మన తెలుగులోనైతే కర్మపదము లేకున్నను వాక్యము సుఖముగా సాగును గనుక ఆ వెలితి చెవికి తగులదు. అనువాదకునికి ఇది చిక్కే. "వీరిని" అని చేర్చినయెడల దోషులు గోడకు ఆవల మాత్రమే యుందురు. "మమ్మును" అని చేర్చినయెడల బాంబులు వేసినవారు తప్పించుకొందురు. చేర్చకుండుటయే న్యాయము. ఏలయనగా 1945 ఫిబ్రవరి 13 మొదలు 15 వరకు బ్రిటిషు, అమెరికను విమానములు డ్రెస్డెను నగరమును కాల్చివేసెను. మృతులు సుమారు 25,000 వరకుందురని చరిత్రకారుల సంఘము 2010లో నిర్ధారించెను. ఆ రెండు మాటలలో డ్రెస్డెనుకును చోటుండెను.

దీనివలన అందరి దోషమును సమానమని తలంపకూడదు. నాజీ ప్రభుత్వపు ఘోరకృత్యములకు మరుగు లేదు. 1945 అక్టోబరులో స్టుట్‌గార్టులో జర్మను ప్రొటెస్టంటు సంఘనాయకులు తమ అపరాధమును ఒప్పుకొనిరి. యోసేపును చూడుడి: అన్నలు తనకు తలపెట్టినది కీడేయని వారి యెదుటనే చెప్పెను. ఆ మాటను మృదువుచేయలేదు. కీడును కీడని పిలువలేని చోట క్షమించుటకు ఏమియు మిగులదు.

పౌలు వాడిన గ్రీకు పదమునకు మూలార్థము మార్పిడి. మన తెలుగు బైబిలులో సమాధానపరచుట అని యున్నది. సమాధానమనగా నెమ్మది, జవాబు కూడ. బాంబునకు బాంబు ఒక జవాబే. కోవెంట్రి వారు వేరొక జవాబు వెదకిరి. బేసిల్ స్పెన్స్ అను శిల్పి పాత గోడలను తొలగింపక వాటి ప్రక్కనే క్రొత్త కథీడ్రలు కట్టెను. 1962 మే 25న అది ప్రతిష్ఠింపబడెను. దానికి ముందటి సంవత్సరమే జర్మను యువజనులు వచ్చి శిథిలములలో పని చేసిరి. 1965లో కోవెంట్రి యువజనులు డ్రెస్డెనుకు వెళ్లి, కూలిన డీకనెస్ ఆసుపత్రిని తిరిగి కట్టుటలో తోడ్పడిరి. డ్రెస్డెనులోని ఫ్రావెన్‌కిర్ఖె ఆలయము దశాబ్దములు రాళ్లకుప్పగా నుండి, 2005 అక్టోబరు 30న మరల ప్రతిష్ఠింపబడెను. పాత నల్లని రాళ్లు క్రొత్త లేతరాళ్ల నడుమ మచ్చలవలె నేటికిని కనబడుచున్నవి. శిఖరముమీది బంగారు సిలువను లండనులో చేసిన స్వర్ణకారుని తండ్రి ఆ దాడిలో పాల్గొన్న విమాన చోదకుడు.

ప్రతి శుక్రవారము మధ్యాహ్నము కోవెంట్రిలో సమాధాన ప్రార్థన చేయుదురు. 1958లో వ్రాయబడిన ఆ ప్రార్థనలో ద్వేషమును, దురాశను, గర్వమును ఒక్కొక్కటిగా ఒప్పుకొని, గోడమీది ఆ రెండు మాటలనే పలుకుదురు. ఒకసారి క్షమించిన తరువాత వారము వారము ఏల అని అడుగువారు ఆదికాండము 50వ అధ్యాయము చదువవలెను. యాకోబు ఐగుప్తులో 17 సంవత్సరములు బ్రదికెను. అంతకాలము తమ్ముని చేతి అన్నము తినిన అన్నలు, తండ్రి చనిపోగానే మరల భయపడి, కబురు పంపిరి. ఆ కబురు విని యోసేపు ఏడ్చెను. మిమ్మును పోషింతునని 45వ అధ్యాయమునందే వారికి చెప్పియుండెను, మరల చెప్పెను.